పెండ్లి తలగడ మీది పక్షుల జంట



చీనాదేశమున పెండ్లి జరుగు ఇంటికి పోయినవారి కంటికి మొట్టమొదట తగులునది ఎరుపు. ద్వారమునకు ఎరుపు, దీపములకు ఎరుపు, సంప్రదాయము ననుసరించి వధువు ధరించు పట్టుబట్టలు ఎరుపు. ఆ యెరుపు నడుమ, సంతోషమను అక్షరమును రెండుమార్లు జతచేసి కాగితమున కత్తిరించిన చిహ్నము తలుపుల మీదను కిటికీల మీదను అంటించి యుండును. దానిని మీలో పలువురు చిత్రములలో చూచియే యుందురు. ఈ పూట నేను చెప్పదలచినది దానిని గురించి కాదు. వీధిలోని వారికి కనబడు ఆ గురుతును తలుపు దగ్గరనే విడిచి, లోపలి గదిలోనికి, పడక మీది తలగడ యొద్దకు మిమ్ములను తీసికొనిపోయెదను. ఆ తలగడ మీద రెండు నీటిపక్షులు కుట్టబడి యుండును. ఒకటి మగది, ఒకటి ఆడది. రెండును ప్రక్కప్రక్కనే ఈదుచుండును. చీనావారు ఈ జంటను యువాన్‌యాంగ్ అందురు. ఆంగ్లేయులు మాండరిన్ బాతులనిరి. దాంపత్యసౌఖ్యమునకు ఆ దేశపు స్త్రీలు ఇంతగా ప్రేమించిన గురుతు మరియొకటి యున్నదా యని నా సందేహము.

ఆ తలగడ మన యిండ్లలోని దూదిదిండు వంటిది కాదు. చలి మిక్కుటమైన ఈశాన్య చీనాలో పూర్వము అది ధాన్యపు పొట్టు దట్టముగా కూరిన పొడుగాటి గొట్టము. దాని రెండు కొనలను మూయుచు రెండు చదరపు గుడ్డబిళ్ళలుండెడివి. పనితనమంతయు ఆ బిళ్ళల మీదనే. పగటివేళ పరుపులు మడిచి తలగడలను పేర్చినప్పుడు ఆ కొనలు గదిలోనికి అడుగిడినవారి వైపు తిరిగి యుండెడివి. కన్యగా నున్న కాలమంతయు కుట్టి దాచుకొన్న ఈ బిళ్ళలను ఒక పెద్ద తెరగుడ్డకు వరుసలుగా గ్రుచ్చి, పెండ్లినాడు బంధువుల యెదుట వ్రేలాడదీయుట అచ్చటి పూర్వాచారము. వచ్చిన ఆడవారు ఒక్కొక్క బిళ్ళను దగ్గరగా చూచి, కోడలి చేతి నేర్పును, ఓర్పును, ఇంచుక స్వభావమును గూడ అందులోనే చదివెడివారు.

మనమును ఒక బిళ్ళను దగ్గరగా చూతము. మీకు కనబడదు గనుక నేను చెప్పెదను. పట్టుదారమును విడదీసి, వెంట్రుకవంటి పోగులుగా చేసి, ఒక కుట్టు పొడుగు, ఒక కుట్టు పొట్టిగా వేయుచు, ఒక రంగు మరియొక రంగులో తెలియకుండ కలిసిపోవునట్లు మగపక్షి మెడను కుట్టియున్నారు. దాని ముక్కు ఎర్రనిది. కంటిమీదుగా మెడ వెనుకకు వెడల్పైన తెల్లని చార. చెంపల నుండి వ్రేలాడు నారింజవన్నె యీకలు. రొమ్ము ముదురు ఊదా. అన్నిటికన్న వింతయైనది వీపు: అచ్చట రెండు నారింజవన్నె యీకలు తెరచాపలవలె నిటారుగా లేచి యుండును. ఆడుపక్షి మాత్రము బూడిదవన్నెది. కంటిచుట్టు ఒక సన్నని తెల్లని వలయము, అంతియే దాని యలంకారము. నిజమైన పక్షి మూరెడు పొడవుండును. జంట చుట్టును తామరాకులు, తామరపూవులు, కాయలు. ఆ కాయలలోని గింజలు పుట్టబోవు బిడ్డలకు గురుతు.

తెలుగు శ్రోతలకు వెంటనే జక్కవలు జ్ఞప్తికి వచ్చియుండును. మన కవులు ఆ జంటను ప్రతిరాత్రియు విడదీసి, కొలనునకు ఈ గట్టున ఒకదానిని, ఆ గట్టున ఒకదానిని నిలిపి, తెల్లవారువరకు విలపింపజేసిరి. చీనావారి పక్షులకు ఆ శాపము లేదు. వీనిని గురించి వారి పూర్వగ్రంథములు చెప్పునది ఒక్కటే: మగది ఆడదానిని విడువదు, ఆడది మగదానిని విడువదు, ఒకదానిని పట్టుకొన్నచో రెండవది బెంగతో చచ్చును. క్రీస్తుశకము 300 ప్రాంతమున త్స్వే బావో అను పండితుడు ఈ మాటయే వ్రాసెను. అంతకు ముందటి పద్యములలో ఈ జంటను అన్నదమ్ముల చెలిమికి గూడ పోల్చుట కలదు. రానురాను అన్నదమ్ములు తప్పుకొనిరి, దంపతులు మిగిలిరి.

పక్షిశాస్త్రము చదివినవారెవరైన వినుచున్నచో ఈపాటికి నవ్వుకొనుచుందురు. నిజమునకు ఆడుపక్షి గ్రుడ్లు పొదుగుట మొదలుపెట్టిన పిమ్మట మగది ఆ చోటు విడిచిపోవును. నెల దినముల పొదుగుడంతయు ఆడుపక్షిదే. పిల్లలను పెంచు భారమును దానిదే. మగది ఆ వేసవిలో తన రంగులన్నియు రాల్చుకొని, ఎర్రని ముక్కు ఒక్కటి తప్ప, ఆడుపక్షివలెనే బూడిదవన్నెగా మారి, ఎక్కడనో రెల్లుపొదల నడుమ నుండును. మరుసటి యేడు పాత జతయే కూడునన్న నియమమును లేదు. మరి ఇట్టి పక్షిని పాతివ్రత్యమునకు, ఏకపత్నీవ్రతమునకు గురుతుగా నెట్లు ఎన్నుకొనిరి? చీనావారు గ్రుడ్డివారా?

కారు. వారు చూచినది శీతకాలమున. ఈ సంగతి కొంచెము నిదానముగా చెప్పవలెను. ఈ పక్షులు గూడు పెట్టునది ఈశాన్యపు అడవులలో, ఎత్తైన చెట్ల తొర్రలలో. మనుష్యుల కంట బడని చోట. చలి ముదిరిన వెంటనే దక్షిణమునకు వలసవచ్చి, యాంగ్‌త్సీ నదికి దిగువనున్న కొలనులలో చలికాలము గడపును. జత కూడుట ఆ చలికాలముననే. మగది తెరచాపలు విప్పి, మెడ సాచి, ఆడుపక్షి చుట్టు తిరుగుట, రెండును ఒక్కటిగా ఈదుట, ఒక్కటిగా లేచుట, ఇదియంతయు ఊరి చెరువులోనే, నీళ్ళకు వచ్చిన ఆడవారి కన్నుల యెదుటనే జరుగును. వేసవిలోని ఎడబాటు మాత్రము ఎచ్చటనో దూరపుటడవిలో. దక్షిణదేశపు కవియు, కుట్టుపని చేయు కన్యయు చూచినది సగము సంవత్సరమును మాత్రమే. ఆ సగములో వారు చూచినది అబద్ధము కాదు.

ఇక ఒక కథ చెప్పెదను. ఇది చాల పాతది. క్రీస్తుశకము నాలుగవ శతాబ్దమున గాన్ బావో అను చరిత్రకారుడు అద్భుతకథలను కూర్చిన యొక గ్రంథములో దీనిని వ్రాసియున్నాడు. కథ జరిగినది అంతకు ఆరువందల యేండ్ల మునుపు, సోంగ్ అను చిన్నరాజ్యమును కాంగ్ అను రాజు ఏలుచుండగా.

ఆ రాజు కొలువున హాన్ పింగ్ అను ఉద్యోగి యుండెను. అతని భార్య మిక్కిలి చక్కనిది. రాజు ఆమెను చూచెను; లాగికొనెను. హాన్ పింగ్ మొరపెట్టుకొనగా అతనిని బంధించి, కోటగోడ కట్టు కూలికి శిక్ష వేసెను. భార్య రహస్యముగా ఒక చీటి పంపెను. అది వానను గురించి, నదిని గురించి, సూర్యుని గురించి వ్రాసిన పొడుపుమాట. చీటి రాజు చేత చిక్కెను గాని, కొలువులో ఎవరికిని దాని యర్థము తెలియలేదు. కడపట ఒక మంత్రి విప్పిచెప్పెను: దుఃఖమునకు అంతము లేదు, కలిసికొను దారి లేదు, చావునకు నిశ్చయించుకొన్నాను, అని దాని భావము. కొలది దినములకే హాన్ పింగ్ ప్రాణము తీసికొనెను.

ఆమె ఏమి చేసినదో వినుడు. తాను కట్టు బట్టలను రహస్యముగా చివుకనిచ్చెను. పైకి చూచిన పట్టుబట్టలే, పట్టుకొన్నచో పేలికలు. ఒకనాడు రాజు ఆమెను వెంటబెట్టుకొని ఎత్తైన వేదిక మీది కెక్కెను. ఆమె దూకెను. పరిచారకులు గబాలున బట్ట పట్టుకొనిరి. బట్ట చేతిలో చిరిగిపోయెను. ఆమె నడికట్టులో ఒక చీటి దొరికినది. తన యెముకలను హాన్ పింగ్ యెముకలతో కూడ పాతిపెట్టుడని అందులో కోరియుండెను. రాజు కోపించి, రెండు గోరీలను ఎదురెదురుగా, ఎడముగా త్రవ్వించి, అంత ప్రేమయే యున్నచో మీ గోరీలను మీరే కలుపుకొనుడు, నేను అడ్డుచెప్పను అనెను.

ఒక రాత్రిలో రెండు గోరీల కొనలను రెండు చెట్లు మొలిచెను. పదిదినములకు కౌగిలికి పట్టనంత లావయ్యెను. మ్రానులు వంగి ఒకదానివైపు ఒకటి వచ్చెను. నేలలోపల వేళ్ళు పెనవేసికొనెను. పైన కొమ్మలు పెనవేసికొనెను. ఆ కొమ్మల మీద యువాన్‌యాంగ్ పక్షులు రెండు, ఒక మగది, ఒక ఆడది, వచ్చి వ్రాలెను. ఉదయము పోలేదు, సాయంకాలము పోలేదు. మెడమీద మెడ చేర్చి ఏడ్చెను. ఆ రెండు పక్షులే హాన్ పింగ్ దంపతుల యాత్మలని దక్షిణదేశపు జనులు చెప్పుకొనిరట.

ఇచ్చట ఒక్కమాట. బాతులు చెట్టుకొమ్మ మీద వ్రాలుటేమని మీరు నవ్వవద్దు. ఇందాక చెప్పితిని గదా, ఈ పక్షి గూడు చెట్టుతొర్రలో. బాతుజాతిలో చెట్టెక్కి కూర్చుండు బహుకొద్దివానిలో ఇదియొకటి. గ్రుడ్లు పగిలిన ఒకటి రెండు దినములకు తల్లి క్రింద నిలిచి పిలువగా, పిల్లలు రెక్కలైన రాకమునుపే ఆ తొర్రలోనుండి నేలకు దూకును. కథ చెప్పినవాడు చెరువుగట్టున గూర్చుండి కల్పించినవాడు కాడు, పక్షిని చూచినవాడు.

ఇటువంటిదే మరియొక గాథ హాన్ వంశపు టంత్యకాలమున జరిగినదిగా చెప్పుదురు. ఒక చిన్న యుద్యోగి. అతని భార్య లాన్‌జీ. అత్తకు గిట్టక ఆమెను పుట్టింటికి పంపివేసిరి. పుట్టింట అన్న రెండవపెండ్లికి బలవంతము చేసెను. ఆమె కొలనులో పడెను. అతడు పెరటిచెట్టునకు ఉరి వేసికొనెను. వారిని కలిపి పాతిన సమాధి చుట్టునున్న చెట్లలో గూడ రాత్రులందు ముఖాముఖిగా పిలుచుకొనునవి ఈ పక్షులే. చీనాభాషలోని ప్రసిద్ధములైన పెద్ద కథాగేయములలో ఇదియొకటి.

శ్రోతలారా, ఇప్పుడు ఆలోచింపుడు. రెండు కథలు చెప్పితిని. రెండింటను భార్య చనిపోయినది, భర్త చనిపోయినాడు. రెండింటను పక్షులు వచ్చి కూర్చున్నవి సమాధుల మీద. ఆ పక్షులనే, ఆ సమాధుల మీది పక్షులనే, పెండ్లికూతురు తన తలగడ మీద కుట్టుకొనుచున్నది. మనమైనచో అశుభ మనియుందుము. వారు శుభ మనిరి. ఏల?

నాకు తోచినది చెప్పెదను. ఆ కథలలోని దంపతులకు వలపు కొరత లేదు, శీలము కొరత లేదు. వారికి లేనిది ఒక్కటే: కలిసియుండు స్వాతంత్ర్యము. ఒకచోట రాజు విడదీసెను. ఒకచోట అత్తయు అన్నయు విడదీసిరి. కాబట్టి ఈ పక్షుల జంట చెప్పు సౌఖ్యము భోగము కాదు, భాగ్యము కాదు, పరవశమును కాదు. ఎవరిచేతను విడదీయబడకుండుట. మరల చెప్పుచున్నాను: విడదీయబడకుండుట, అంతియే. ఒకే నీటిమీద, ఒకే వైపునకు, ప్రక్కప్రక్కన ఈదుట. అంతకు మించి ఆ కుట్టుపనిలో ఏమియు జరుగదు.

అది చాల తక్కువ కోరిక యని మనకు తోచవచ్చును. హ్వేజో ప్రాంతపు స్త్రీలకు అట్లు తోచియుండదు. హ్వేజో యనునది నేటి ఆన్‌హ్వే రాష్ట్రపు దక్షిణభాగము. కొండలు ఎక్కువ, సాగునేల తక్కువ. బ్రతుకుతెరువునకు అచ్చటి మగవారు వర్తకమును నమ్ముకొనిరి. ఉప్పు, తేయాకు, కలప, తాకట్టువ్యాపారము: మింగ్, చింగ్ వంశముల కాలమున హ్వేజో వర్తకుడు లేని పెద్దబజారు లేదనిపించుకొనిరి. పదమూడు పదునాలుగేండ్లకే పిల్లవానిని దూరదేశపు అంగడికి పంపెడివారు. నడుమ ఒకసారి పిలిపించి పెండ్లి చేసెడివారు. పెండ్లి యైన కొలది నెలలకు మరల ప్రయాణము. ఇంటి కెప్పుడు వచ్చును? కొన్నేండ్ల కొకసారి, కొద్దికాలము. జీవితకాలపు దాంపత్యములో ఆలుమగలు కలిసియుండు కాలమంతయు కూడిన మూడున్నరయేండ్లే యని ఆ ప్రాంతమున ఒక సామెత కలదు. మూడున్నర యేండ్లు! ఆ లెక్క వేసినది మగవాడై యుండడని నా నమ్మకము.

వర్తకులు గడించిన ధనముతో కట్టిన తెల్లగోడల యిండ్లు నేటికిని అచ్చట నున్నవి. థాంగ్‌యువె గ్రామపు పొలిమేరలో ఏడు రాతితోరణములు వరుసగా నిలిచి యున్నవి; అందు రెండు, భర్త పోయిన పిదప ఒంటరిగా బ్రతుకు వెళ్ళదీసిన స్త్రీల పేర నెత్తినవి. ఆ పాత హ్వేజోలోని ఆరు మండలములలో ఊయువాన్ ఒకటి. ఇప్పుడది చియాంగ్‌షీ రాష్ట్రములో చేరినది. ఆ ఊయువాన్‌లో కొండల నడుమ ఒక జలాశయమున్నది. చలికాలమున యువాన్‌యాంగ్ పక్షులు గుంపులు గుంపులుగా దిగు చోట్లలో అదియొకటియై, వాని పేరనే ప్రసిద్ధి కెక్కినది. మగవారు వలసపోయిన సీమకు ఆ పక్షుల జంటలు వలసవచ్చుట కాకతాళీయమే. అయినను, ఆ సీమలో ఈ పక్షులను కుట్టిన చేయి ఏమి తలచుచు కుట్టినదో ఊహించుకొనుట కష్టము కాదు.

కుట్టుచేయి మాట వచ్చినది గనుక ఒక నవలలోని ఘట్టమును చెప్పక మానలేను. పదునెనిమిదవ శతాబ్దమున త్సావో ష్యుఎచిన్ వ్రాసిన ‘ఎర్రమేడ కల’ అను నవల చీనా సాహిత్యమునకు తలమానికము. అందు ముప్పదియారవ ప్రకరణము. వేసవి మధ్యాహ్నము. ఇల్లంతయు నిద్రపోవుచున్నది. నాయకుడు బావోయూ మంచము మీద నిద్రించుచున్నాడు. ప్రక్కన దాసి యొకతె, పురుగులు వ్రాలకుండ తోలుచు, అతని కొరకు తెల్లని పట్టు రొమ్ముగుడ్డ మీద తామరపూవుల నడుమ యువాన్‌యాంగ్ జంటను కుట్టుచున్నది. అంతలో బావోచాయ్ అను బంధువుల కన్య వచ్చెను. మెడ నొచ్చినది, కొంచెము తిరిగివత్తునని దాసి వెలుపలికి పోయెను. బావోచాయ్ ఆ పనితనపు టందమునకు మురిసి, దాసి కూర్చున్న చోటనే కూర్చుండి, తనకు తెలియకుండనే సూది చేతికి తీసికొనెను.

కిటికీ వెలుపల ఒకతె యున్నది. దాయ్‌యూ, బావోయూ మనసు నిండ నున్న కన్య. లోపలి దృశ్యమును చూచి నోరు మూసికొని నవ్వు నాపుకొని వెడలిపోయెను. లోపల బావోచాయ్ రెండు మూడు రేకులు కుట్టెనో లేదో, బావోయూ నిద్రలో కేకవేసెను: సన్యాసుల మాటలు నమ్మవచ్చునా, బంగారమునకును రత్నమునకును పొత్తట, నేనొప్పను, అని. బంగారమనగా బావోచాయ్ మెడలోని తాళము. రత్నమనగా బావోయూ పుట్టుకతో తెచ్చుకొన్నది. సూది ఆగిపోయెను. ఈ నవలలోని వందలకొలది దృశ్యములలో నేను మరల మరల చదువునది ఇది. ఎవరి కొరకు కుట్టుచున్నదో ఆ పురుషుడు నిద్రలో ఆమెను నిరాకరించుచున్నాడు. కడపట పెద్దలు అతనికి కట్టబెట్టినది ఆమెనే. ఆ దాంపత్యము నిలువలేదు.

ఆ నవలాకారుని కొంటెతనము అంతటితో ఆగలేదు. ఆ యింటి పెద్దావిడకు నమ్మకమైన దాసి యొకతె కలదు. ఆమెకు పెట్టిన పేరు యువాన్‌యాంగ్! ఇంటి పెద్దకొడుకు, నెరసిన గడ్డమువాడు, ఆమెను ఉంపుడుభార్యగా కోరెను. ఆమె అందరి యెదుట పెద్దావిడ ముందు మోకరిల్లి, కత్తెర తీసి జుట్టు కత్తిరించుకొనుచు, జన్మలో పెండ్లియే చేసికొనను అని ఒట్టు పెట్టుకొనెను. విడదీయబడకుండు హక్కు ఎంతయో, ఇష్టము లేనిచోట జతకూడకుండు హక్కును అంతయే యని ఆ రచయిత భావము కాబోలు.

ఈ పక్షుల పేరు పెండ్లిని దాటి ఎక్కడెక్కడికో పోయినది. మిట్టపెంకును పల్లపుపెంకును ఒకదానిమీద ఒకటి బోర్లించి కప్పిన ఇంటికప్పునకు యువాన్‌యాంగ్ పెంకులని పేరు. సూజో నగరపు తోటలలో, నడుమ తెరగోడతో రెండుగా పంచిన చావడికి యువాన్‌యాంగ్ చావడి యని పేరు. ఒక సగములో కారపు పులుసు, ఒక సగములో చప్పని పులుసు మరగు కుండకును అదే పేరు. హాంగ్‌కాంగ్‌వారు కాఫీని టీని ఒకే గ్లాసులో కలిపి పాలు పోసి త్రాగుదురు. దానికిని అదే పేరు. మన హోటళ్ళలో ఎవరైన అడిగినచో వడ్డించువాడు ఏమనునో తెలియదు!

1950వ సంవత్సరము మే 1వ తేదీన చీనాలో క్రొత్త వివాహచట్టము అమలులోనికి వచ్చెను. పెద్దలు బలవంతముగా కుదుర్చు పెండ్లిని, ఉంపుడుభార్యలను ఆ చట్టము నిషేధించెను. వధూవరుల యిష్టమే పెండ్లికి మూలమని శాసించెను. పూర్వపు పెండ్లికూతురు పలుమార్లు తాను చూడనైన చూడని పురుషుని కొరకు ఈ పక్షులను కుట్టెడిది. ఈనాటి కన్య తానెరిగినవానినే పెండ్లాడుచున్నది. అయితే కుట్టుచున్నది మాత్రము యంత్రము. ఎర్రని దుప్పటి మీద పక్షుల జంట గజముల లెక్కన వచ్చుచున్నది. పనితనము తగ్గినదని వగచువారితో నాకును ఏకీభావమే గాని, అవసరము తగ్గినదని మాత్రము అనలేను. పల్లెలు విడిచి దూరపు నగరముల కర్మాగారములకు కూలికి పోయిన ఆలుమగలలో, ఆయన ఒక నగరమున, ఆమె మరియొక నగరముననో ఊరిలోనో ఉండువారు నేటికిని ఎందరో కలరు. వారు కలిసికొనునది ఎక్కువగా చాంద్రమానపు సంవత్సరాది సెలవులలో. సరిగా చలికాలమున, ఆ పక్షులు దక్షిణపు చెరువులలో నుండు దినములలో.